పటాన్‌చెరులో హాలండ్ సర్కారు

మీరు చేస్తున్న ఉద్యోగానికి ఇప్పుడు హెచ్ఆర్ అని పేరు. మా రోజుల్లో పర్సనల్ డిపార్ట్‌మెంటు అనేవాళ్ళం. పేరు మారింది గానీ పని మారినట్టు లేదు. పైవాళ్ళు కటువుగా అన్న మాటను కిందివాళ్ళకు మెత్తగా చెప్పాలి, కిందివాళ్ళు తిట్టిన తిట్టును పైవాళ్ళకు మనవిగా మార్చి చెప్పాలి. పటాన్‌చెరులో ఇనుప వాల్వులు తయారుచేసే ఒక ఫ్యాక్టరీలో ఈ పని చేసి రిటైరయ్యాను. మీకు పనికొచ్చే సలహాలు నా దగ్గర పెద్దగా లేవు. ఒక యూనియన్ కథ మాత్రం ఉంది, అది చెబుతాను. మధ్యలో హాలండ్ వస్తుంది, కంగారుపడకండి.

హాలండ్ ఎందుకు వస్తుందంటే నేను చదివింది అదే కాబట్టి. నా ఎం.ఏ. యూరప్ చరిత్రలో. మా ప్రొఫెసరు గారి పరిశోధన హాలండ్ మీద. యూరప్‌లో ఇంకా కొన్ని దేశాలు ఉన్నాయని ఆయన ఒప్పుకునేవారు గానీ వాటి దాకా వెళ్ళే తీరిక ఏడాది పొడవునా దొరకలేదు. ఆ రకంగా మూడు వందల ఏళ్ళ కిందట హాలండ్‌లో ఎవరు ఎవరిని ఎలా పాలించారో నాకు కంఠతా వచ్చు. ఉద్యోగాల బజారులో ఈ జ్ఞానానికి ఉన్న గిరాకీ మీరు ఊహించగలరు. లెక్చరర్ పోస్టు కోసం చెప్పులరిగేలా తిరిగి, చివరికి లేబర్ వెల్ఫేర్ డిప్లొమా ఒకటి చేసి ఈ ఫ్యాక్టరీకి వచ్చాను. ఇంటర్వ్యూలో మేనేజరు గారు "చరిత్రతో ఇక్కడేం చేస్తారు?" అని అడిగారు. "జరిగినవి గుర్తుపెట్టుకుంటాను సార్" అన్నాను. "ఇక్కడ మర్చిపోవడం ఎక్కువ అవసరం" అన్నారాయన. అయినా తీసుకున్నారు.

ఫ్యాక్టరీ కట్టిన భూమి ఐదు ఊళ్ళది. భూమి పోయిన ఇంటికి ఒక నౌకరీ అని ఇచ్చారు. అందుచేత మా వర్కర్లలో ఎక్కువమంది ఆ ఐదు ఊళ్ళ రైతులే. యూనియన్ కమిటీ కూడా ఊళ్ళ లెక్కనే. పెద్ద ఊరి నుంచి చందా సగం వచ్చినా, అన్నిటికన్నా చిన్న ఊరి నుంచి గుప్పెడు మందే పనికి వచ్చినా, కమిటీలో ఊరికి ఒక మనిషి, ఒక మాట.

అధ్యక్షుడు మాత్రం బయటివాడు. మన ఫ్యాక్టరీల బెల్టులో అప్పట్లో ఏ యూనియన్‌కైనా అదే ఆచారం. మిషన్ మీద పనిచేసే మనిషి మేనేజరు ఎదుట కుర్చీలో కూర్చుని గట్టిగా మాట్లాడితే మర్నాడే అతని షిఫ్టు మారుతుంది. ఈ భయం లేని పెద్దమనిషి ఒకరు బయటి నుంచి రావాలి. మాకు దొరికినాయన హైదరాబాద్‌లో ఉండే రాజకీయ నాయకుడు. ఎన్ని యూనియన్లకు అధ్యక్షుడో ఆయనకే లెక్క తెలియదు. అంబాసిడర్‌లో వచ్చేవారు, గేటు దగ్గర దండలు వేయించుకునేవారు, మేనేజరు గదిలోకి ఒక్కరే వెళ్ళి టీ తాగి, ఒప్పందంతో బయటికి వచ్చేవారు. ఒకసారి గేట్ మీటింగులో మాది గాజు ఫ్యాక్టరీ అనుకుని చాలాసేపు మాట్లాడారు. వర్కర్లు చప్పట్లు కొట్టారు, కొందరు కళ్ళు తుడుచుకున్నారు కూడా. అందరూ ఆయన్ని అయ్య అనేవారు.

అయ్య పోయారు. కొడుకు అప్పటికి చిన్నవాడు, చదువుకుంటున్నాడు. అతను పెరిగేదాకా పనులు చూసుకునే బాధ్యత యూనియన్ జనరల్ సెక్రటరీ మీద పడింది.

ఈ సెక్రటరీయే నా కథకు ముఖ్యుడు. మెషిన్ షాపులో టర్నరు. ఐదింటిలో పెద్ద ఊరివాడు. తక్కువ మాట్లాడి ఎక్కువ వినేవాడు, మా ఫ్యాక్టరీలో అలాంటి జబ్బు ఇంకెవరికీ లేదు. తండ్రి చిన్నప్పుడే పోతే అన్న పెంచాడు. అన్న తన చదువు మానేసి పొలం దున్ని ఇతన్ని ఐటిఐ చదివించాడు. ఆ అన్న కూడా మా దగ్గరే, పోత పనిలో. అన్నకు కోపం వస్తే చెయ్యి ముందు లేస్తుంది, కారణం తీరిగ్గా వస్తుంది. వారానికి ఒక మెమో చొప్పున నేనే ఇచ్చేవాణ్ణి.

అధ్యక్షుడు లేకుండా మొదటి జీతాల ఒప్పందం మాట్లాడవలసి వచ్చింది. కమిటీ ఐదుగురూ వచ్చి మేనేజరు ఎదుట కూర్చున్నారు. ఆయన ఒక షరతు చదివేవారు. ఐదుగురూ విని, ఒకరి మొహాలొకరు చూసుకుని, "ఊళ్ళె అడిగొచ్చి చెప్తం సార్" అనేవారు. ఇంకో షరతు. మళ్ళీ అదే మాట. భూమి ఇచ్చింది ఊరు కాబట్టి ఊరు కూర్చుని ఒప్పుకోకుండా కమిటీ మనిషి సొంతంగా మాట ఇవ్వకూడదు. అది వాళ్ళ కట్టుబాటు. మేనేజరు గారు ఫైలు మూసేసి, "ఇదేం పద్ధతయ్యా? ఈ లోకంలో ఎక్కడైనా ఉందా ఇలాంటిది?" అని నా వైపు తిరిగారు.

నేను నోరు మూసుకుని ఉండవలసింది. కానీ ఎం.ఏ. పాసయ్యాక ఎవరైనా నన్ను హాలండ్ గురించి అడగడం అదే మొదటిసారి. "ఉంది సార్, హాలండ్‌లో" అన్నాను.

ఆ సాయంత్రం క్యాంటీన్‌లో సెక్రటరీ నా బెంచీకి వచ్చాడు. "సార్, గా దేశం ముచ్చటేందో జెర చెప్పున్రి" అన్నాడు.

చెప్పాను. వాళ్ళవి ఏడు రాష్ట్రాలు. స్పెయిన్ రాజు మీద తిరగబడి వెళ్ళగొట్టారు. అందరికీ కలిపి ఒక సభ, అందులో రాష్ట్రానికి ఒకే ఓటు. వాటిలో పెద్దది హాలండ్, దేశానికీ ఆ పేరే వాడుకైంది. ఖర్చులో సగానికి పైగా ఆ రాష్ట్రమే భరించినా ఓటు మాత్రం ఒక్కటే. పెద్ద విషయం ఏదొచ్చినా సభ్యులు తమ రాష్ట్రానికి పోయి అడిగి రావలసిందే. ఇక తమాషా ఏమిటంటే, రాజు బదులు పరిపాలించడానికి ఒక పెద్ద ఉండేవాడు, స్టాట్‌హౌడర్ అంటారు. రాజును తీసేశారు గానీ రాజు బదులుండే మనిషిని మాత్రం ఉంచుకున్నారు. ఎవరికి బదులు అని ఎవరూ అడగలేదు. ఆ పదవి ఒకే వంశంలో ఉండిపోయింది. ఒకసారి ఆ వంశంలో పెద్దాయన హఠాత్తుగా పోయాడు. కొడుకు ఇంకా పుట్టను కూడా లేదు. అప్పుడు ముఖ్యమైన రాష్ట్రాలు, పెద్ద లేకపోతే ఏమవుతుందో చూద్దామని పదవిని ఖాళీగా ఉంచేశాయి.

"మరి నడిచిందా సార్?"

"నడవడమా? ఇరవై ఏళ్ళు నడిచింది. లోకంలో అంత సంపన్నులు ఇంకెవరూ లేరు."

"ఎవరు నడిపిన్రు?"

"జీతానికి పనిచేసే ఒక ప్లీడరు. హాలండ్ రాష్ట్రానికి మంత్రిలాంటివాడు. పేరుకు సలహాదారు. నడిపిందంతా అతనే."

సెక్రటరీ టీ గ్లాసు పక్కకు జరిపాడు. "అంటే సెక్రటరీ అన్నట్టు" అన్నాడు.

ఆ ఒప్పందం కుదరడానికి వర్షాకాలం మొత్తం పట్టింది. కుదిరాక మాత్రం అది అయ్య తెచ్చిన ఏ ఒప్పందం కన్నా మెరుగ్గా ఉంది. కారణం సులభం. ఐదు ఊళ్ళూ కూర్చుని అడిగిన ప్రశ్నలకు జవాబు చెప్పలేక మేనేజరు గారే అలసిపోయి దిగివచ్చారు. ఆ తర్వాత జరిగిన యూనియన్ మీటింగులో అధ్యక్ష పదవికి ఎవరినీ ఎన్నుకోకుండా ఉంచాలని కమిటీ తీర్మానించింది. మీటింగుకు నెలకొక ఊరి మనిషి పెద్దగా కూర్చోవాలని అనుకున్నారు. అయ్య ఫోటోకు దండ మాత్రం ప్రతి నెలా మారుస్తామన్నారు. హాలండ్ వాళ్ళకు ఈ దండ ఆలోచన రాలేదు.

మా టైమాఫీసులో ఒక గుమాస్తా ఉండేవాడు. పాత పటాన్‌చెరు వాసి, నాకన్నా పెద్దవాడు, అందరం భాయ్ అనేవాళ్ళం. వర్కర్ల హాజరు కార్డులు చూసి ఎవరింట్లో పెళ్ళో, ఎవరింట్లో జ్వరమో చెప్పగలిగినవాడు. అతనికి ఈ ఏర్పాటు నచ్చలేదు. "సాబ్, కుర్సీ ఖాళీ ఉంటె మనోళ్ళకు నిద్ర పట్టదు" అన్నాడు. "ఇప్పుడు అంత మంచిగనే నడుస్తుంది. ఒక్క దినం పరేషానీ రానియ్యి, అప్పుడు చూడు, ఎవరన్న వచ్చి కూసుంటే సాలంటరు." ముసలివాడి చాదస్తమని నవ్వాను. అప్పటికి నా వయసు నవ్వే వయసే.

కొన్నేళ్ళు బాగా నడిచింది. ఐదు ఊళ్ళకు ఫ్యాక్టరీ బస్సు వచ్చింది. దెబ్బ తగిలినవాడికి ఆసుపత్రి ఖర్చు వచ్చింది. సెక్రటరీ అప్పటికీ లేతు మీద పనిచేస్తూనే, మధ్యాహ్నం అన్నం తిన్నాక యూనియన్ పని చూసేవాడు. నేను మేనేజ్‌మెంటు మనిషినన్న సంగతి అప్పుడప్పుడూ మర్చిపోయి అతని గురించి గర్వపడేవాణ్ణి. నా ఎం.ఏ. ఎక్కడైనా ఫలించిందంటే ఇక్కడే అనుకునేవాణ్ణి.

తర్వాత ఒక ఎండాకాలం అన్నీ ఒకేసారి మీదపడ్డాయి. ఆర్డర్లు తగ్గాయి, కరెంటు కోత పెరిగింది, పాత మేనేజరు పోయి బొంబాయి నుంచి కొత్తాయన వచ్చాడు. సగంమందిని తీసేసి కాంట్రాక్టు మనుషుల్ని పెట్టుకోవాలన్నది ఆయన ఆలోచన. సెక్రటరీ ఎదురు ప్రతిపాదన తెచ్చాడు. గడ్డుకాలం పోయేదాకా అందరూ సగం షిఫ్టులు, సగం జీతాలు. ఒక్కరినీ తీయకూడదు. ఆశ్చర్యం ఏమిటంటే కొత్త మేనేజరు ఒప్పుకున్నాడు. వారం లోపల సంతకం కావాలన్నాడు. లేకపోతే గేటుకు తాళం.

నాలుగు ఊళ్ళు కూర్చుని ఒప్పుకున్నాయి. ఐదో ఊరు, అన్నిటికన్నా చిన్నది, కూర్చోలేదు. ఆ ఊరి పెద్దమనిషి అదే వారం చనిపోయాడు. "దినాలయ్యేదాంక ఊళ్ళె పంచాయితీ కూసోదు సార్. గది మా రివాజు" అన్నాడు ఆ ఊరి కమిటీ మనిషి. అతనికి కూడా ఒప్పందం కావాలి. కానీ తనంతట తాను ఒప్పుకోవడానికి లేదు.

నేను సెక్రటరీని పక్కకు పిలిచాను. "నాలుగు ఊళ్ళున్నాయి కదా. సంతకం పెట్టేయ్. ఐదో ఊరికి తర్వాత చెప్పుకోవచ్చు. హాలండ్‌లో కూడా మరీ తొందరైతే ఒకటి రెండు రాష్ట్రాల్ని అడగకుండా కానిచ్చేవారు" అన్నాను. ఇది నిజమే. ప్రొఫెసరు గారు చెప్పారు.

"ఇయ్యాల ఆ ఊరు లేకుండ పెడ్త సార్. రేపు మా ఊరు లేకుండ ఇంకోడు పెడ్తడు. ఇగ అడుగుడెందుకు, కూసునుడెందుకు" అన్నాడు.

అతను చెప్పింది సబబే. సబబైన మాటల వల్ల వచ్చే నష్టం గురించి మాకు ఏ డిప్లొమాలోనూ చెప్పలేదు. వారం దాటింది, గేటుకు తాళం పడింది.

మొదటి రోజు అందరూ మేనేజరును తిట్టారు. రెండో రోజు నుంచి సెక్రటరీని తిట్టడం మొదలుపెట్టారు. సంతకం పెట్టనందుకు తిట్టేవాళ్ళు కొందరు, లోపాయికారీగా పెట్టేశాడని తిట్టేవాళ్ళు కొందరు. రెండు రకాలవాళ్ళూ ఒకే చెట్టు నీడలో పక్కపక్కన నిలబడి, ఒకరి బీడీతో ఒకరు ముట్టించుకుంటూ తిట్టారు. "అయ్య ఉంటే గిట్లయ్యేదా" అన్న మాట ఎవరన్నారో తెలియదు, సాయంత్రానికి అందరి నోటా అదే. అయ్య ఉండగా రెండుసార్లు లాకౌటైంది. అవి ఎవరికీ గుర్తు లేవు. అయ్య కొడుకు ఇప్పుడు ఇరవై దాటినవాడని, తండ్రి పోలికేనని, గొంతు కూడా అదేనని చెప్పుకున్నారు.

మర్నాడు సెక్రటరీ అన్న మేనేజరు కారు మీద ఇటుక విసిరాడు. అద్దం పగిలింది. పోలీసులు అతన్ని తీసుకుపోయారు.

తర్వాత ఒప్పందం ఏమైందో ఇక్కడే చెప్పేస్తాను, మీరు దానికోసం ఎదురుచూడకండి. రెండు వారాల తర్వాత గేటు తెరిచారు. సగం షిఫ్టులు, సగం జీతాలు. దానితోపాటు నలభై మందికి పైగా బయటికి. అంటే సెక్రటరీ తెచ్చినదానిలోంచి నలభై కుటుంబాలు తగ్గాయన్నమాట. ఈ తగ్గిన ఒప్పందాన్ని తెచ్చిన అయ్య కొడుకును గేటు నుంచి మెయిన్ రోడ్డు దాకా భుజాల మీద మోశారు. మోసినవాళ్ళలో ఆ నలభై మందిలోని వాళ్ళూ ఉన్నారు. లిస్టు నేను మర్నాడు పొద్దున అంటించాను.

ఇప్పుడు పోలీస్ స్టేషన్ సంగతి. అద్దం పగిలిన కేసులో కంపెనీ తరఫున వాంగ్మూలం ఇవ్వడానికి నన్ను పంపారు. స్టేషన్ ముందు రోడ్డు నిండా మా వర్కర్లే. వాళ్ళు అన్నను విడిపించుకోవడానికి వచ్చారనుకున్నాను. కాదు, అయ్య కొడుకు వస్తున్నాడని వచ్చారు. సెక్రటరీ వస్తే నిలదీయాలని కూడా వచ్చారు. కొందరి చేతుల్లో చెప్పులున్నాయి, కాళ్ళకు లేవు.

రోడ్డుకు ఇవతల టీ కొట్టు దగ్గర సెక్రటరీ కనిపించాడు. జామీను కోసం ఊరి నుంచి ఇద్దర్ని వెంట తెచ్చాడు. ఈ కథ చివర నాకు తెలుసు. అతన్ని చెయ్యి పట్టుకుని కొట్టు వెనక్కి లాగాను.

"లోపలికి పోవద్దు. హాలండ్‌లోనూ ఇలాగే అయింది. నాలుగు వైపుల నుంచి యుద్ధం వచ్చేసరికి జనం అప్పటిదాకా నడిపిన మంత్రిని ద్రోహి అన్నారు. ఆ వంశపు కుర్రాడే కావాలన్నారు. మంత్రి అన్నను జైల్లో పెట్టారు. అన్నను ఇంటికి తీసుకుపోదామని మంత్రి తానే వెళ్ళాడు. బయట జనం. ఇద్దరూ ఇంటికి చేరలేదు."

అతను జనం వైపు చూశాడు. ముందు వరుసలో ఉన్నవాళ్ళకు ఆసుపత్రి ఖర్చులు ఇప్పించింది అతనే.

"అన్నను జైల్ల ఇడిసిపెట్టి ఇంటికి పొయ్యేటోడు మంత్రి ఎట్లయితడు సార్" అన్నాడు. అని రోడ్డు దాటాడు. ఎవరో చెప్పు విసిరారు, భుజానికి తగిలింది. అతను తిరిగి చూడలేదు. నేను వెనకే వెళ్ళాను. ధైర్యం వల్ల కాదు, వాంగ్మూలం ఇవ్వాలి కాబట్టి.

ఇన్‌స్పెక్టరు జామీను కాగితాల వైపు చూడనే లేదు. "సాయంత్రం చూద్దాం" అన్నాడు. ఇంతలో బయట ఒక్కసారి కేకలు లేచాయి. అయ్య కొడుకు జీపు దిగి లోపలికి వచ్చాడు. సన్నగా, కొత్త ఖద్దరు చొక్కాలో, ఆ చొక్కాకు ఇంకా అలవాటు పడనట్టు ఉన్నాడు. చెడ్డవాడు కాదు. అప్పటికి ఇంకా మంచివాడో చెడ్డవాడో తేలేంత పని అతనెప్పుడూ చెయ్యలేదు. సెక్రటరీకి రెండు చేతులూ జోడించి నమస్కారం పెట్టాడు.

"అన్నా, ఫోను నేను చేస్త. పైన మా నాయిన దోస్తులున్నరు. పది నిమిషాల్ల మీ అన్న బయటికొస్తడు. మీరు బయటికి పోయి ఒక్క మాట చెప్పున్రి. మీరు చెప్తె ఐదూళ్ళూ ఇంటయ్."

"ముందు మా అన్నను ఇడిపియ్యి."

"ముందు మాట చెప్పున్రి అన్నా" అన్నాడు, అంతే మర్యాదగా.

లాకప్ ఊచల వెనక అన్న మోకాళ్ళ మీద తల పెట్టుకుని కూర్చున్నాడు. చొక్కా చిరిగి ఉంది, పెదవి వాచి ఉంది. సెక్రటరీ అటు చూశాడు. చాలాసేపు ఏమీ కాదు, చెమట తుడుచుకునేంతసేపు. ఆ తర్వాత బయటికి నడిచి స్టేషన్ మెట్ల మీద నిలబడ్డాడు. జనం అరుపులు ఆపారు.

"నేను ఏ ఊరినీ అడిగి రాలె" అన్నాడు. "అడిగేతందుకు టైం లేదు. అయ్య కొడుకే ఇగ మన ప్రెసిడెంటు. నేను సెక్రటరీగ ఉండ."

ఇన్నేళ్ళలో ఊళ్ళను అడగకుండా అతను చెప్పిన మొదటి మాట అది. ఐదు ఊళ్ళూ అప్పటికప్పుడు ఒప్పుకున్నాయి. ఒక్కరూ పంచాయితీ కూర్చోవాలనలేదు, ఐదో ఊరి కమిటీ మనిషైతే ఎగిరి గంతేశాడు. నాకు కళ్ళలో నీళ్ళు తిరిగాయి. హాలండ్‌లో ఆ మంత్రిని చంపే ముందు జనం మాట్లాడనిచ్చారో లేదో నాకు తెలియదు. మావాళ్ళు అతనికి చెయ్యవలసింది అతని నోటితోనే చేయించారు.

లోపల ఫోను మోగింది. అన్నను బయటికి తెచ్చారు. సెక్రటరీ ఎదురెళ్ళి చెయ్యి పట్టుకోబోయాడు. అన్న అతని పక్కనుంచి దాటిపోయి, అయ్య కొడుకు కాళ్ళకు వంగాడు. "నువ్వు ఒక్క ఫోను కొడితె బయటపడ్డ బాంచెన్. మావోడు పొద్దటిసంది ఏం జేసిండో ఏమో" అన్నాడు. ఎవరో అన్న మెడలో దండ వేశారు. జీపులో ముందు సీటులో, అయ్య కొడుకు పక్కన కూర్చోబెట్టారు.

జీపు కదిలింది. జనం చేతులు లేపి జిందాబాద్ కొడుతున్నారు. మా ముందుకు వచ్చేసరికి అన్న జీపులోంచి వంగి, తమ్ముణ్ణి చూశాడు. వాచిన పెదవితో, నిజమైన ప్రేమతో చెప్పాడు.

"తమ్మీ, జెర చెయ్యి లేపురా. ప్రెసిడెంటు సారు సూస్తుండు."

సెక్రటరీ చెయ్యి లేపాడు. అటూ ఇటూ ఉన్నవాళ్ళు నా వైపు కూడా చూశారు. నేనూ లేపాను.